ఏడో ప్రశ్న

రేణుక గొంతు మంచి గొంతు. పటమటలోని ఆ కంటాసుపత్రిలో అందరూ అనే మాటే అది. శుక్లాల ఆపరేషను చేయించుకుని ఆరు వారాలైనవాళ్ళకి ఫోను చేసి, తొమ్మిది ప్రశ్నలడిగి, వాళ్ళు చెప్పిన దాన్నిబట్టి ఒక్కోదానికి సున్నా నుంచి నాలుగు దాకా మార్కులు వేసి కంప్యూటర్లో ఎక్కించడం ఆమె ఉద్యోగం. మన పని ఎలా ఉందో మనమే చెప్పుకుంటే ఏం విలువ, రోగి నోటితో రావాలిగానీ అని డాక్టర్ లక్ష్మీకాంత్ గారు ఏడాది కిందట పెట్టిన పద్ధతి. పద్ధతి మంచిదే. కానీ రోజుకి నలభై ఫోన్లు, ఒక్కోదానికి మూడు నిమిషాలు. అవతలివాళ్ళు పొలంలో ఉంటారు, పెళ్ళిలో ఉంటారు, రైతు బజారులో వంకాయలు బేరమాడుతూ ఉంటారు. వాళ్ళని ఆపి తొమ్మిది ప్రశ్నలూ పూర్తి చేయించాలంటే మాట మెత్తగా ఉండాలి మరి.

"చూపు బాగుంది కదండీ? ఎండలోకి వెళ్తే ఇబ్బందేం లేదు కదండీ? మెట్లు దిగేటప్పుడు బాగానే కనిపిస్తోంది కదండీ?"

అలా అడిగితే కాదనేవాడు కృష్ణా జిల్లాలో పుట్టలేదు. అందరూ ఆఁ ఆఁ అంటారు. రేణుక నాలుగు, నాలుగు, నాలుగు అని నొక్కుకుంటూ పోతుంది. నెలాఖరు మీటింగులో లక్ష్మీకాంత్ గారు ఆ అంకెలు చూసి తలాడిస్తారు. అందులో తన తప్పేదైనా ఉందని ఆమెకి ఏనాడూ అనిపించలేదు, పాపం.

ఆ సోమవారం పన్నెండో ఫోను పెడనలో మగ్గం నేసే సాంబమూర్తిది. అరవై రెండేళ్ళ మనిషి. ఆసుపత్రివాళ్ళు పెట్టిన ఉచిత శిబిరంలో రెండు కళ్ళకీ ఆపరేషను అయింది.

"సాంబమూర్తి గారాండీ? కంటాసుపత్రి నుంచండీ. రెండో కన్ను ఆపరేషనై ఆరు వారాలైంది కదండీ, ఎలా ఉన్నారో కనుక్కుందామని."

"బ్రహ్మాండంగా ఉన్నానమ్మా. మీరంతా చల్లగా ఉండాలి. కాస్త తొందరగా అడుగు తల్లీ, ఆదివారం షావుకారు వస్తన్నాడు, ఈలోపల చీర దిగాలి."

వెనక మగ్గం టకటకలాడుతూనే ఉంది. రేణుక కూడా అదే వేగంతో అడుగుతూ ఏడో ప్రశ్న దగ్గరకి వచ్చింది. "ఒకరి సాయం లేకుండా మీ పని మీరే చేసుకోగలుగుతున్నారు కదండీ?"

"సుబ్బరంగా చేసుకుంటన్నానమ్మా."

ఆ మాట పూర్తయీ అవకుండానే ఫోనులో ఒక ఆడగొంతు వినిపించింది. "ఆగాగు, తెగింది. ఎడం పక్క. ఇంకాస్త ఇవతలికి. ఆఁ, అక్కడే." మగ్గం ఆగింది. రేణుక చెవి విన్నది, వేలు మాత్రం ఆగకుండా నాలుగు నొక్కేసింది. మిగతా రెండూ అడిగేసరికి మొత్తం ముప్ఫై ఆరుకి ముప్ఫై ఆరు.

మర్నాడు లక్ష్మీకాంత్ గారు పిలిచారు. ఆసుపత్రి వార్షికోత్సవంలో తెర మీద చూపించడానికి, పూర్తి మార్కులిచ్చిన పేషెంట్లవి ఐదు చిన్న వీడియోలు కావాలన్నారు. "చేతిపని చేసేవాళ్ళయితే మరీ మంచిదమ్మా. ఊరికే కుర్చీలో కూర్చుని బాగుంది బాగుంది అంటే ఎవరు చూస్తారు?"

రేణుకకి వెంటనే మగ్గం గుర్తొచ్చింది. "పెడనలో ఒక నేతగాడున్నారండీ. ముప్ఫై ఆరుకి ముప్ఫై ఆరు" అంది ఎంతో ఉత్సాహంగా.

బుధవారం పొద్దున్నే బందరు పాసింజరెక్కి పెడనలో దిగింది. ఇల్లు కనుక్కోవడం ఏమంత కష్టం కాలేదు. పేరు చెప్పగానే వీధి మలుపులో సోడాబండి మనిషి వేలు పెట్టి చూపించాడు. ముందుగదిలో గుంట మగ్గం. సాంబమూర్తి నడుం దాకా గుంటలో దిగి, నేల మీద కూర్చున్నట్టు కూర్చుని, కాళ్ళతో తొక్కుతూ, కుడిచేత్తో తాడు లాగుతూ, ఎడంచేత్తో దువ్వెనలాంటి అచ్చుని దగ్గరకి కొడుతున్నాడు. ముక్కు మీద ఆసుపత్రివాళ్ళిచ్చిన కళ్ళజోడు. ఎడం పక్కన చిన్న పీట మీద ఆయన భార్య వెంకటరావమ్మ, మగ్గం మీదకి మెడ చాచి, రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉంది. నూలు కండెలు చుట్టే రాట్నం ఒక మూలకి జరిపేసి ఉంది, దాని మీద దుమ్ము.

"రామ్మా రా. ఆ గొంతు నీదేనా? గొంతుని బట్టి ఇంకా పెద్దదానివనుకున్నా" అన్నాడు సాంబమూర్తి నవ్వుతూ. వెంకటరావమ్మ గబగబా లేచి మంచినీళ్ళిచ్చి, మళ్ళీ వచ్చి ఆ పీట మీదే కూర్చుంది.

"చూపెలా ఉందండీ?" అంది రేణుక, ఫోను తీసి సర్దుకుంటూ.

"అదుగో, ఆ వీధి చివర స్తంభం ఉంది చూశావా? దాని మీద నెంబరు చదవనా?" చదివాడు. తప్పు లేకుండా చదివాడు. గోడకున్న క్యాలెండరు దగ్గరకి తెప్పించుకుని, ఆ చిన్నచిన్న అక్షరాల తిథులు కూడా చదివాడు. రేణుక మురిసిపోయింది. అదంతా వీడియోలో పట్టింది. ఇక నేత పట్టాలి.

గది చిన్నది. ఎటు నుంచి పెట్టినా వెంకటరావమ్మ భుజం అడ్డొస్తోంది.

"పిన్నిగారూ, ఏమనుకోకండీ, ఓ రెండు నిమిషాలు గుమ్మం దగ్గర నిలబడతారా? వీడియోలో మీరు కూడా పడుతున్నారు."

వెంకటరావమ్మ కదల్లేదు. మొగుడి వైపు చూసింది. ఆయన ఆమె వైపు చూడకుండా, "లేవవే, ఆసుపత్రివాళ్ళు అంత దూరం నుంచొచ్చారు, రెండు నిమిషాలకి ఏమైపోద్ది" అన్నాడు. ఆమె లేచి గుమ్మంలోకి వెళ్ళింది. వెళ్ళి అక్కడి నుంచి కూడా మగ్గం వైపే మెడ చాచింది.

సాంబమూర్తి నేశాడు. అబ్బ, ఏం నేశాడని! కాళ్ళూ చేతులూ ఒక లయలో పడిపోయాయి. లేత పసుపు నిలువు పోగుల పడుగు, దాని మీద అడ్డపోగు మోసుకుంటూ నాడె అటూ ఇటూ పరుగు. రేణుక మోకాళ్ళ మీద కూర్చుని ఆయన చేతులు తీసింది, ముఖం తీసింది, అచ్చు దగ్గర పెరుగుతున్న గుడ్డ తీసింది. రెండు నిమిషాలనుకున్నది మూడైంది. బాగా వచ్చింది. "చాలండీ, అద్భుతంగా ఉంది" అంది.

వెంకటరావమ్మ గుమ్మంలోంచి రెండంగల్లో వచ్చి గుడ్డ మీదకి వంగింది. వంగిన మనిషి అలాగే ఉండిపోయింది. తర్వాత చూపుడువేలు గుడ్డ మీద పెట్టి మెల్లగా పైకి జరిపింది. నాలుగు వేళ్ళ పొడవున సన్నటి గీత. పోగొకటి తెగింది, తెగినట్టు ఆయన చూడలేదు, ఆ పోగు లేకుండానే నేసుకుంటూ వచ్చేశాడు.

"పడిందా?" అన్నాడు సాంబమూర్తి.

"పడింది."

ఆయన కళ్ళజోడు తీసి పంచెకొంగుతో తుడుచుకున్నాడు. రేణుకకి ముందు అర్థం కాలేదు. ఊడదీసి మళ్ళీ నెయ్యకూడదా అని అడిగింది. ఇంత సన్నటి నూలు ఊడదీస్తే పడుగు నలుగుతుందని, మచ్చ తేలుతుందని వెంకటరావమ్మ చెప్పింది. కోపంగా చెప్పలేదు. అదే రేణుకకి మరీ కష్టంగా తోచింది.

సంగతి కొద్దికొద్దిగా బయటికొచ్చింది. నూలిచ్చి నేయించుకునే షావుకారు బసవయ్య పోయిన చీరలో రెండు గీతలు పట్టుకున్నాడు. ఈసారి ఇంకొక్క గీత కనిపించినా మగ్గం మీది పడుగు దింపించి వేరేవాళ్ళకిస్తానని, సాంబమూర్తి ఇక ముతక లుంగీలు నేసుకోవాల్సిందేనని చెప్పి వెళ్ళాడు. ఆదివారం వస్తాడు. ఈ వీధిలో ఇంత సన్నటి వందో నెంబరు నూలు నేసేవాళ్ళలో ఇప్పటికీ నిలబడ్డవాడు సాంబమూర్తి ఒక్కడే.

"దూరం బాగా ఆనతంది. పేపరు ఆనతంది. ఇది మాత్రం ఆనదమ్మా" అన్నాడు అచ్చు మీద చెయ్యేసి. "తెగిన చోటు వేలితో చూపిస్తే చాలు, కళ్ళు మూసుకునైనా అతుకుతా. ఆ తెగింది ఎక్కడన్నదే కనపడదు. అందుకని ఈవిడ పక్కన కూర్చుని చూసి చెప్తది. ఆపరేషనైన కాణ్ణుంచీ అంతే."

"మరి నేను ఫోను చేస్తే ఒకరి సాయం లేకుండా చేసుకుంటున్నానన్నారు కదండీ!"

సాంబమూర్తి ఆశ్చర్యంగా చూశాడు. "సాయం ఎక్కడ తీసుకున్నానమ్మా? ఈవిడేగా! ఇంట్లో మనిషి కూర్చుంటే అదొక సాయమా?"

"పోనీ చూపు సరిగ్గా లేదనైనా చెప్పాల్సింది."

"ఎట్టా చెప్తామమ్మా?" అంది వెంకటరావమ్మ. "ఉచితంగా ఆపరేషను చేశారు, రెండు పూటలా అన్నం పెట్టి బస్సెక్కించారు. పైగా నువ్వు బాగుంది కదండీ అని అంత ముద్దుగా అడుగుతంటే, బాలేదంటే నువ్వెంత చిన్నబుచ్చుకుంటావు?"

రేణుకకి తల తీసేసినట్టయింది. ఏడాదిగా తను చేసిన ఫోన్లన్నీ ఒక్కసారి చెవుల్లో మోగాయి. ఆ గీత ఈయన కళ్ళ వల్ల పడిందో, తన వీడియో వల్ల పడిందో తేల్చుకోవాల్సిన పని కూడా లేదు. మనిషిని పక్కకి జరగమన్నది తనే.

అక్కడే నిలబడి, ఆసుపత్రిలో కళ్ళజోళ్ళకి పవరు చూసే హెలెన్‌కి ఫోను చేసింది. హెలెన్ మొత్తం విని ఒక్కటే అడిగింది. "కంటికీ గుడ్డకీ మధ్య ఎంత దూరముంది?"

"ఎంతంటే... ఒక మూరకి పైనే ఉంటుందేమో."

"ఏమో అంటే కుదరదు. కొలువు."

గోడకి గజం బద్ద ఆనించి ఉంది. సాంబమూర్తి నేసేటప్పుడు కూర్చున్నట్టే కూర్చున్నాడు. వెంకటరావమ్మ ఒక చివర అచ్చు దగ్గర పట్టుకుంది, రేణుక రెండో చివర ఆయన కణత దగ్గర పట్టుకుంది. ఇరవై నాలుగున్నర అంగుళాలు. ముందుకు వంగమంటే నేసిన గుడ్డ చుట్టే బోదె ఛాతీకి తగులుతుంది, చెయ్యి ఆడదు.

"అదీ సంగతి" అంది హెలెన్. "మనం ఇచ్చిన జోడులో కింద గాజు పుస్తకం చదివేంత దగ్గరకి, పదిహేను పదహారంగుళాలకి. పైన గాజు దూరానికి. ఈయన పని ఆ రెంటికీ మధ్యలో ఉంది. కళ్ళు బాగానే ఉన్నాయి రేణుకా, జోడే ఆయన పనికి పనికిరాదు. శుక్రవారంలోపు తీసుకురా, ఆదివారానికి ఇంకోటి చేసిద్దాం. కానీ ముందు సారుతో చెప్పు. పూర్తి మార్కులతో మూసేసిన ఫైలు ఆయన సంతకం లేకుండా తెరవడానికి లేదు."

గురువారం రేణుక వీడియో తీసుకుని లక్ష్మీకాంత్ గారి గదిలోకి వెళ్ళింది. ఆయన వీడియో చూశారు. చూసి సంతోషించారు. "చాలా బాగా తీశావమ్మా. ఇదే మొదట వేద్దాం."

"సార్, ఆయనకి మగ్గం మీద పోగు కనిపించటం లేదండీ. ఈ వీడియో తీస్తున్నప్పుడే తెగిన పోగు చూడక చీర పాడైంది."

ఆయన ఫైలు తెప్పించి చూసుకున్నారు. దూరం చూపు పూర్తిగా ఉంది. దగ్గర చూపులో అన్నిటికన్నా చిన్న వరుస చదివాడు. మార్కులు ముప్ఫై ఆరు. "ఇందులో ఆపరేషను తప్పేముంది?"

"ఏం లేదు సార్."

"పోనీ ప్రశ్నలు తప్పా?"

"ప్రశ్నలూ బాగానే ఉన్నాయి సార్. అడిగిందే నేను సరిగ్గా అడగలేదు. బాగుంది కదండీ అని అడుగుతూ వచ్చాను. అందరూ అవునంటున్నారు." ఉద్యోగం పోతే పోయిందిలే అనుకుంది.

లక్ష్మీకాంత్ గారి ముఖం ఎర్రబడింది. ఏడాది అంకెలు! మొన్ననే హైదరాబాదులో నలుగురి ముందూ చదివి వచ్చారు. "పది వేల మందిలో ఒక్కడమ్మా. ఒక్కడికి జోడు కుదరకపోతే లెక్క మొత్తం తప్పంటావా?"

"ఆయనొక్కడి ఇంటికే మనం వెళ్ళాం సార్."

ఆయన వీడియో మళ్ళీ వేశారు. ఈసారి గుడ్డ దగ్గర ఆపి, పెద్దది చేసి, వెతికి వెతికి ఆ గీత పట్టుకున్నారు. చాలాసేపు చూశారు. తర్వాత ఫైలు మీద సంతకం పెట్టి, "రేపు రమ్మను. హెలెన్‌ని దగ్గరుండి చూడమను. నేనూ వస్తాను" అన్నారు. మార్కుల సంగతి ఏమీ అనలేదు. వెళ్ళిపొమ్మని కూడా అనలేదు.

శుక్రవారం మొగుడూ పెళ్ళాలిద్దరూ దిగారు. ఒక రోజు నేత పోయిందని సాంబమూర్తి దారంతా సణిగాడట. హెలెన్ ఆయన్ని కుర్చీలో కూర్చోబెట్టలేదు. నేల మీద చాప వేసి, నేసే తీరున కూర్చోమని, ఎదురుగా ఒక చెక్కకి ఆ పసుపు నూలే బారుగా కట్టి, ఇరవై నాలుగున్నర అంగుళాల దూరంలో పెట్టింది. ఆ నూలు వెంకటరావమ్మ పమిట చెంగున కట్టుకొచ్చింది. హెలెన్ ఒక్కో గాజే మారుస్తూ వచ్చింది. నాలుగో గాజుకి సాంబమూర్తి చెయ్యి చాచి, చెక్క మీద పోగుల్లో ఒకదాన్ని గోటితో మీటాడు. దాని పక్కది మీటాడు. మూడోదాని దగ్గర ఆగి, "ఇది తెగింది" అన్నాడు. హెలెన్ కావాలని తెంపి పెట్టిన పోగు అది. వెంకటరావమ్మ కొంగు నోటికడ్డం పెట్టుకుంది. లక్ష్మీకాంత్ గారు వెనక చేతులు కట్టుకుని నిలబడి, "ఏ పని చేస్తారు, అది కంటికెంత దూరం అని ఫారంలో రెండు గడులు పెట్టండి. ఆపరేషనుకి ముందే" అని హెలెన్‌తో అన్నారు. సాయంత్రానికి జోడు తయారైంది. బండి కదులుతుంటే సాంబమూర్తి కిటికీలోంచి, స్టేషను దాకా వచ్చిన రేణుకతో, "పాత గీత మాత్రం పోదుగా అమ్మా" అన్నాడు.

ఆదివారమంతా ఆమెకి ఇంట్లో కాలు నిలవలేదు. కూరలో ఉప్పు రెండుసార్లు వేసింది. ఫోను చేద్దామని పదిసార్లు తీసి, షావుకారు ఎదురుగా ఉంటాడేమోనని పెట్టేసింది.

సోమవారం పొద్దున మొదటి ఫోను పెడనకే.

"వచ్చారాండీ బసవయ్య గారు?"

"వచ్చాడమ్మా. గీత చూశాడు. ముఖం మాడ్చుకుని ఆ చీర పక్కన పెట్టేశాడు. అది డేమేజీ కిందే పోయింది. పడుగు దింపిస్తానని మనిషిని కూడా వెంటబెట్టుకొచ్చాడు." అన్నాడు సాంబమూర్తి. "ఒక్క అరగంట కూర్చోండి, తర్వాత మీ ఇష్టమన్నా. మా ఆవిణ్ణి వీధి గుమ్మంలోకి వెళ్ళి కూర్చోమన్నా. నేశా. రెండు సార్లు తెగింది. రెండు సార్లూ నేనే చూశా, నేనే అతికా. ఆయన గుడ్డ వెలుగుకి పట్టి ఈ చివర నుంచి ఆ చివర దాకా చూసుకున్నాడు. పడుగు మీద మిగిలిన రెండు చీరలూ నువ్వే దింపు అని చెప్పి వెళ్ళాడు."

"హమ్మయ్య!" అంది రేణుక. పక్క బల్లవాళ్ళు తిరిగి చూసేంత గట్టిగా అంది. "సాంబమూర్తి గారూ, కొత్త జోడొచ్చింది కాబట్టి ఆ తొమ్మిదీ మళ్ళీ అడగాలండీ. తీరిగ్గా చెప్పండి. బాగోకపోతే బాగోలేదనే చెప్పండి, నేనేం చిన్నబుచ్చుకోను."

అడిగింది. ఒక్కో ప్రశ్న అడిగి నోరు మూసుకుని కూర్చుంది. అది ఎంత కష్టమో ఆమెకి ఆ రోజే తెలిసింది. ఎండలో, మెట్ల దగ్గర, పేపరు, మగ్గం, అన్నీ బాగున్నాయన్నాడు. ఒక్కోదానికి ఆలోచించుకుని మరీ అన్నాడు. ఏడోది వచ్చింది.

"మీ పని ఒకరి సాయం లేకుండా మీరు చేసుకోగలుగుతున్నారా?"

మగ్గం చప్పుడు ఆగింది. ఆ చప్పుడు ఆగాక వెనక ఇంకో చప్పుడు వినిపించింది. రాట్నం తిరుగుతోంది.

"ఒకరంటే మా ఆవిడ కూడా లెక్కకొస్తదా అమ్మా?"

"వస్తారండీ."

"అయితే లేదని రాసుకో" అన్నాడు సాంబమూర్తి. "పోగు నేనే చూసుకుంటన్నా, అది నిజం. కానీ ఆవిడ కండెలు చుట్టిస్తేనేగా నా నాడె ఆడేది! ఆవిడ ఆరు వారాలు నా పక్కన కూర్చుంటే కండెలు చుట్టేవాళ్ళు లేక పక్కింటివాళ్ళని బతిమాలుకున్నాం. పడుగు అతికేది ఆవిడే. గంజి పెట్టేది ఆవిడే. ఈ కళ్ళ వల్ల కాదమ్మా, నలభై ఏళ్ళ నుంచీ అంతే. ఎవరూ అడగలా, నేనూ చెప్పలా."

"ఆసుపత్రివాళ్ళతో ఏంటా మాటలు, సిగ్గు లేకపోతే సరి" అని వెనక నుంచి వెంకటరావమ్మ కసిరింది. రాట్నం మాత్రం ఆగలేదు.

రేణుక ఏడో ప్రశ్నకి సున్నా నొక్కింది. మిగతా రెండూ అయ్యాక ముప్ఫై ఆరు కాస్తా ముప్ఫై రెండైంది. తెర మీద ఎర్రటి గడి ఒకటి తెరుచుకుంది. కొత్త జోడు ఇచ్చిన తర్వాత మార్కులు తగ్గాయి, కారణం రాయండి అని అడిగింది. రేణుక ఒక్క క్షణం ఆలోచించి, 'ఈసారి భార్యని కూడా లెక్కపెట్టారు' అని టైపు చేసింది.